తొక్కలోని పరిమళం - నిమ్మ, నారింజ సారాల కథ

డిసెంబరు నెల వచ్చేసరికి ఈ దేశంలో ఇరుగుపొరుగు ఇళ్ళ నుంచి మన ఇళ్ళకు చిన్న చిన్న కానుకలు వస్తూ ఉంటాయి. ఒక డబ్బా నిండా బిస్కత్తులు, ఒక కేకు, ఒక జాము సీసా. వాటితో పాటు అప్పుడప్పుడు అరచేతిలో ఇమిడే గోధుమరంగు గాజుసీసా ఒకటి వస్తుంది. మెడకు రిబ్బను కట్టి ఉంటుంది. దాని మీది చీటీలో నిమ్మ ఎక్స్‌ట్రాక్టు అనో, ఆరెంజి ఎక్స్‌ట్రాక్టు అనో చేత్తో రాసి ఉంటుంది. మనలో చాలామందిమి మర్యాదగా పుచ్చుకొని, అలమరలో ఒక మూలన పెట్టి, మరుసటి డిసెంబరు దాకా మరచిపోతాం.

ఆ సీసాను ఈసారి కాస్త వెలుతురులోకి తెచ్చి చూద్దామన్నదే ఈ వ్యాసంలో మా ప్రయత్నం. దానిలో ఉన్నది కేవలం కేకుల్లో వేసే వాసన చుక్కలు మాత్రమే అయితే ఈ ప్రత్యేక సంచికలో ఇంత చోటు అడిగేవాళ్ళం కాదు. ఆ సీసా వెనుక కొన్ని వందల ఏళ్ళ చరిత్ర ఉన్నది. అందులో మన మాటకు, మన రేవులకు, మన వంటింటి పసుపుకు కూడా చోటున్నది. ఇంగ్లీషు చీటీ అంటించుకొని మన గుమ్మంలోకి వచ్చినంత మాత్రాన అది పూర్తిగా పరాయిది కాదు.

పేరు చేసిన ప్రయాణం

ముందు పేరుతో మొదలుపెడదాం. ఇక్కడ పుట్టి పెరిగిన మన పిల్లలు ఆరెంజి అంటారు. నారింజ అనండి అని మనం సరిదిద్దితే, అది అమ్మమ్మ మాట అని నవ్వుతారు. నిజానికి ఆ రెండూ ఒకే మాట. ద్రావిడ భాషల నుంచి ఈ మాట సంస్కృతంలోకి వెళ్ళి నారంగమైందని పలువురు భాషావేత్తల అభిప్రాయం. అక్కడి నుంచి పారశీకంలో నారంగ్, అరబ్బీలో నారంజ్, స్పానిషులో నరాంహ అయింది. ఇటలీకి, ఫ్రాన్సుకు చేరేసరికి మొదటి 'న'కారం జారిపోయింది. చివరకు ఇంగ్లీషులో ఆరెంజిగా మిగిలింది. మన తెలుగు రూపమైన నారింజ, అరబ్బీ నారంజ్‌కు ఎంత దగ్గరగా ఉన్నదో చూడండి. పండుతో పాటు మాట కూడా ఓడలెక్కి వెళ్ళింది, మళ్ళీ ఓడలు దిగి వచ్చింది.

అయితే ఆ కాలంలో పడమటికి వెళ్ళినది పుల్ల నారింజ. తియ్యని నారింజ చైనా వైపు నుంచి వచ్చింది. 16వ శతాబ్దంలో పోర్చుగీసు నావికులు దాన్ని లోకమంతటా వ్యాపింపజేశారు. ఆ చరిత్ర మన ఊళ్ళ మాటల్లో ఇప్పటికీ నిలిచి ఉన్నది. రాయలసీమలో బత్తాయిని చీనీకాయ అంటారు కదా! హాలెండు దేశస్థులు కూడా నారింజను చైనా యాపిల్ అన్న అర్థం వచ్చే మాటతోనే పిలుస్తారు. గల్ఫ్ దేశాల్లో ఉన్న మన తెలుగువారు అంగళ్ళలో రోజూ వినే బుర్తుఖాల్ అన్న అరబ్బీ మాట పోర్చుగల్ పేరే. పండు ఏ దిక్కు నుంచి వచ్చిందనుకుంటే ఆ దిక్కు పేరు పెట్టుకోవడం లోకమంతటా ఉన్న అలవాటు. మొసాంబి అన్న పేరు ఆఫ్రికా తీరంలోని మొజాంబిక్ నుంచి వచ్చింది. సాత్‌గుడి అన్న పేరు ఉత్తర ఆర్కాటు ప్రాంతంలోని సాత్‌గఢ్ నుంచి వచ్చింది.

కోస్తా జిల్లాల బత్తాయి సంగతి ఇంకా ఆసక్తికరం. ఉద్యానశాస్త్ర గ్రంథాలలో ఒక రకానికి బటేవియన్ అన్న పేరు కనిపిస్తుంది. బటేవియా అంటే నేటి జకార్తా. అక్కడ డచ్చివారు 1619లో తమ తూర్పు దేశాల రాజధానిని కట్టుకున్నారు. అంతకు ముందే, 1605లో, వారు మచిలీపట్నంలో వర్తకశాల పెట్టారు. మన అద్దకపు బట్టలు ఆ రేవు నుంచి తూర్పు దీవులకు వెళ్ళేవి. పంపరపనస అన్న మాటకు, డచ్చివారి పొంపెల్మూస్ అన్న మాటకు ఉన్న పోలిక కూడా గమనించదగ్గది. పళ్ళబుట్టలోని ఒక్కొక్క పేరును విప్పి చూస్తే బందరు రేవు చరిత్రలో ఒక్కొక్క పుట కనిపిస్తుంది.

మన నిమ్మ వేరు, ఇక్కడి లెమన్ వేరు

ఇక నిమ్మ సంగతి. అమెరికా వచ్చిన కొత్తలో మనమంతా పసుపుపచ్చని లెమన్‌ను చూసి నిమ్మకాయ అనుకుంటాం. పప్పులో పిండితే ఏదో తేడా తెలుస్తుంది. కారణమేమంటే ఆ రెండూ ఒక చెట్టు కాయలు కావు. మన గూడూరు, ఏలూరు, తెనాలి వైపు పండే పల్చని తొక్కగల గుండ్రని కాయ, ఇక్కడివారు లైమ్ అనే జాతికి చెందినది. వారి లెమన్ పుల్ల నారింజకు, మాదీఫలానికి పుట్టిన సంకరం. ఈ కుటుంబ వృక్షాన్ని 2018లో శాస్త్రజ్ఞులు జన్యు పరిశోధన ద్వారా తేటపరిచారు. ఈ జాతి అంతటికీ పుట్టిల్లు హిమాలయాల ఆగ్నేయపు వాలులు, అంటే అస్సాం తూర్పు భాగం, ఉత్తర బర్మా, పశ్చిమ యునాన్ ప్రాంతాలని వారి నిర్ణయం. మన నిమ్మకు కూడా మాదీఫలం ఒక వైపు పూర్వీకురాలే. కనుక లెమన్, నిమ్మ అన్నదమ్ముల పిల్లల వంటివి. పోలికలున్నా ఇళ్ళు వేరు.

ఈ తేడా సారం తయారుచేసే వారికి ముఖ్యమైనది. మన నిమ్మకు రసం ఎక్కువ, తొక్క పల్చన. లెమన్‌కు తొక్క మందం, అందులో నూనె సమృద్ధి. మనవారు రసం కోసం, ఊరగాయ కోసం నిమ్మను పెంచారు. మధ్యధరా సముద్రతీరం వారు రసంతో పాటు తొక్క మీద కూడా కన్ను వేశారు.

వాసన ఎక్కడ ఉన్నది?

పులుపు రసంలో ఉన్నది, వాసన తొక్కలో ఉన్నది. నారింజ తొక్కను దీపం దగ్గర మడిచి నొక్కితే చిటపటమని చిన్న మెరుపులు రావడం చిన్నప్పుడు మనమందరం చూసినదే. తొక్క పైపొరలో సూదిమొనంత నూనెతిత్తులు వేలకొద్దీ ఉంటాయి. ఆ నూనెలో అధికభాగం లిమొనీన్ అనే పదార్థం. నారింజ నూనెలో అది నూటికి 90 పాళ్ళ పైమాటే. నిమ్మ నూనెకు ప్రత్యేకమైన వాసన ఇచ్చేది సిట్రాల్ అనే మరొక పదార్థం, అది నూటికి కొద్దిపాళ్ళు మాత్రమే ఉంటుంది. పైపొర కిందనున్న తెల్లని దూది వంటి పొరలో వాసన లేదు, చేదు మాత్రం ఉన్నది.

ఈ నూనె నీటిలో కరగదు, ఆల్కహాలులో కరుగుతుంది. సారం తయారీకి మూలమంతా ఈ ఒక్క వాక్యమే. ఆల్కహాలు అన్న మాట కూడా మనకు తెలిసిన వస్తువు నుంచే పుట్టింది. అరబ్బీలో అల్-కుహ్ల్ అంటే కంటికి పెట్టుకునే సుర్మా. మెత్తగా నూరిన పొడి అన్న అర్థం నుంచి, దేన్నైనా శుద్ధిచేయగా మిగిలిన సూక్ష్మసారం అన్న అర్థం వచ్చింది. తరువాత యూరపువారు దాన్ని ద్రాక్షసారాయి నుంచి బట్టీ పట్టిన ద్రవానికి వాడారు. అరబ్బు రసవాదుల బట్టీ పాత్రలను చూసి 12వ శతాబ్దంలో ఇటలీలోని సలెర్నో వైద్యులు ఆల్కహాలును బట్టీ పట్టడం నేర్చారు. మొదట అది మందు. మూలికలను, పూలను, తొక్కలను అందులో నానబెట్టి రోగులకు చుక్కలుగా ఇచ్చేవారు.

తొక్క నుంచి నూనె తీయడంలో సిసిలీ ద్వీపంలోని మెస్సీనా పరిసరాలవారు, ఎదుటి తీరంలోని కలాబ్రియావారు ఆరితేరారు. వారి పద్ధతి ఎంతో సులువైనది, ఎంతో శ్రమతో కూడినది. తొక్కలను సముద్రపు స్పంజికి వేసి చేత్తో నొక్కేవారు. తిత్తులు పగిలి నూనె స్పంజిలోకి ఇంకేది. స్పంజి నిండిన తరువాత గిన్నెలోకి పిండేవారు. నిప్పు సెగ తగలకపోవడం వలన ఆ నూనెకు పచ్చితొక్క వాసన నిలిచేది.

ఇటలీ దేశస్థుడైన యోహన్ మరియా ఫరీనా జర్మనీలోని కొలోన్ నగరంలో 1709లో వ్యాపారం ప్రారంభించి, ఇటువంటి నూనెలను ఆల్కహాలులో కలిపి ఒక పరిమళజలం అమ్మాడు. ఊరిపేరే దానికి స్థిరపడింది. మన ఇళ్ళలో జ్వరం వచ్చినప్పుడు అమ్మ గుడ్డ తడిపి నుదుట వేసిన ఓడికొలోన్ అదే జాతిది. అంటే సారం చేసే పద్ధతి మన ఇళ్ళకు కొత్తేమీ కాదు. కాకపోతే మనం దాన్ని నుదుటి మీద వేసుకున్నాం, వారు కేకులో కూడా వేసుకున్నారు.

అమెరికా వంటింటిలో

ఈ దేశానికి నిమ్మ, నారింజ గింజలు స్పెయిను ఓడల్లో వచ్చాయి. కొలంబసు 1493లో తన రెండవ యాత్రలో కెనరీ దీవుల నుంచి గింజలు తీసుకొని వెళ్ళాడు. 1565లో సెయింట్ ఆగస్టీన్ పట్టణం వెలసిన తరువాత ఫ్లారిడాలో నారింజ నాటుకున్నది. కాలిఫోర్నియాకు మిషనరీలతో వెళ్ళింది. 1873లో ఎలైజా టిబెట్స్ అనే ఆమె రివర్‌సైడులో నాటిన నేవెల్ నారింజ మొక్కలు అక్కడి తోటల పరిశ్రమకు తల్లులయ్యాయి.

అయినా బోస్టను, న్యూయార్కు గృహిణులకు చాలాకాలం తాజా నిమ్మ అపురూపమే. సిసిలీ నుంచి ఓడలో పెట్టెల్లో రావాలి, దారిలో కుళ్ళిపోకుండా ఉండాలి. 1796లో అమీలియా సిమ్మన్స్ ప్రచురించిన వంటల పుస్తకం అమెరికా రచయిత రాసిన మొదటి వంటల పుస్తకంగా ప్రసిద్ధం. అందులో వాసన కోసం తరచు చెప్పినది పన్నీరు! మన పెళ్ళిపందిళ్ళలో చల్లే పన్నీరే ఆ రోజుల్లో వారి కేకులకు పరిమళం. ఆ స్థానాన్ని 19వ శతాబ్దంలో వెనిలా, నిమ్మ సారాలు ఆక్రమించాయి. బోస్టనులో జోసెఫ్ బర్నెట్ అనే మందుల వ్యాపారి 1847లో వెనిలా సారం తయారుచేసి అమ్మసాగాడు. త్వరలోనే నిమ్మ, నారింజ, బాదం సారాలు అంగళ్ళలో వరుసగా నిలబడ్డాయి. ఒక చిన్న సీసా ఉంటే చలికాలమంతా నిమ్మ వాసన చేతిలో ఉన్నట్లే.

గిరాకీ పెరిగితే కల్తీ పెరుగుతుంది. నిమ్మనూనె ఖరీదు, ఆల్కహాలు ఖరీదు. నీళ్ళు ఎక్కువ, నూనె నామమాత్రం, రంగు మాత్రం ధగధగ - ఇటువంటి సీసాలు బజారులో నిండాయి. ఆ రంగు కోసం తారునుంచి తీసిన రంగులు కొందరు కలిపేవారు, పసుపు కొందరు కలిపేవారు. ఆనాటి ఆహారపరీక్షల గ్రంథాలలో నిమ్మసారంలో పసుపును కనిపెట్టే విధానం ప్రత్యేకంగా ఉండేది. మన ఇంట్లో శుభానికి వాడే పసుపు ఇక్కడ మోసానికి సాక్ష్యమయిందన్న మాట!

ఈ కల్తీల మీద పోరాడినవారిలో ముఖ్యుడు హార్వే వైలీ. వ్యవసాయశాఖలో ప్రధాన రసాయనశాస్త్రజ్ఞుడు. ఆహారంలో కలిపే మందుల ప్రభావం తెలుసుకోవడానికి 1902 నుంచి యువకులను స్వచ్ఛందంగా భోజనానికి కూర్చోబెట్టి పరీక్షలు జరిపాడు. పత్రికలవారు ఆ యువకులకు విషదళమని పేరు పెట్టారు. 1906 జూన్ 30న అధ్యక్షుడు థియొడోర్ రూజ్‌వెల్ట్ ఆహార, ఔషధ శుద్ధి చట్టం మీద సంతకం చేశాడు. ఆ ఏడే వ్యవసాయశాఖ ప్రకటించిన ప్రమాణాలలో నిమ్మసారంలో నూటికి 5 పాళ్ళకు తక్కువ కాకుండా నిమ్మనూనె ఉండాలని నిర్ణయించారు. అంత నూనె కరిగి నిలవాలంటే ఆల్కహాలు నూటికి 80 పాళ్ళ దగ్గర ఉండాలి. పరీక్ష కూడా సులువే. అసలు సారంలో నీళ్ళు పోస్తే నూనె విడిపోయి పాలలాగా తెల్లబడుతుంది, తరువాత పైకి తేలుతుంది. తేలిన నూనెను కొలిచేవారు. కల్తీ సీసాలో ఎన్ని నీళ్ళు పోసినా ఏమీ తేలదు. ఈ పరీక్ష మన ఇంట్లో మనం కూడా చేసికోవచ్చు.

తరువాత మద్యనిషేధకాలం వచ్చింది. 1920 జనవరి నుంచి 1933 డిసెంబరు దాకా అమెరికాలో మత్తుపానీయాలు అమ్మడం నేరం. కాని తాగడానికి పనికిరాని విధంగా ఉన్న వంట సారాలకు మినహాయింపు ఇచ్చారు. మద్యాన్ని ద్వేషించిన గృహిణి వంటింట్లో కూడా నిమ్మసారం సీసా ఉండేది. ఆ మినహాయింపును వాడుకొని తాగినవారూ ఉన్నారు. దాని ఫలితం 1930లో ఘోరంగా పరిణమించింది. జమైకా అల్లం సారంలో కొందరు వ్యాపారులు పరీక్షను తప్పించుకోవడానికి పరిశ్రమలలో వాడే ఒక రసాయనం కలిపారు. వేలాదిమంది, ముఖ్యంగా పేదవారు, కాళ్ళు చచ్చుబడి జీవితాంతం అవిటివారయ్యారు. సీసాలో ఏమున్నదో తెలిసి ఉండటం ఎంత అవసరమో ఆ ఉదంతం చెబుతున్నది. ఇంట్లో చేసిన సారానికి ఉన్న గౌరవం కూడా అక్కడే ఉన్నది. అందులో ఏం పడిందో చేసినవారికి తెలుసు.

చేసే విధానం

చరిత్ర చెప్పి విధానం చెప్పకపోతే సోదరీమణులు ఊరుకోరు. పెద్ద నిమ్మకాయలు 4, లేదా నారింజలు 3 తీసుకోండి. అంగట్లో అమ్మే పండ్లకు తరచు మైనం పూత ఉంటుంది. వేడినీళ్ళలో కడిగి, బ్రష్షుతో రుద్ది, తడి లేకుండా తుడవాలి. కూరగాయల చెక్కు తీసే కత్తితో పైపొర మాత్రమే, రంగున్నంత మేరకే, తీయాలి. తెల్లపొర అంటుకొని వస్తే చాకుతో గీకివేయాలి. దానిని వదిలితే సీసా చేదవుతుంది.

ఆ తొక్కలను శుభ్రమైన గాజుజాడీలో వేసి, 1 కప్పు వోడ్కా పోయాలి. తొక్కలన్నీ మునగాలి. ఇక్కడి సీసాల మీద 80 ప్రూఫ్ అని ఉంటే ఆల్కహాలు నూటికి 40 పాళ్ళని అర్థం. అది చాలు, కాని నూనె అందులో పూర్తిగా కరగదు. అందుచేత ఇంటి సారం అంగడి సారం కంటే పల్చన. అంగడిది 1 చెంచా వేసే చోట ఇంటిది 2 చెంచాలు వేయాలి. 151 ప్రూఫ్ మద్యం దొరికితే, అంటే నూటికి 75 పాళ్ళ పైన ఉన్నది, సారం గాఢంగా వస్తుంది. మందుల అంగట్లో దొరికే రుద్దుకునే ఆల్కహాలు గాని, దీపాలకు వాడే స్పిరిటు గాని ఎట్టి పరిస్థితిలోను వాడరాదు. అవి విషం.

మూతపెట్టి, వెలుతురు తగలని చోట 4 నుంచి 6 వారాలు ఉంచాలి. రెండు రోజులకొకసారి జాడీ కదపాలి. తొక్కలు రంగు పోయి పెళుసుబారితే తమ వద్ద ఉన్నది ఇచ్చివేశాయన్న మాట. పల్చని గుడ్డలో వడగట్టి, గోధుమరంగు సీసాల్లో నింపి, నిండుగా మూత బిగించాలి. ఎండ, గాలి తగిలితే లిమొనీన్ మారిపోయి టర్పెంటైను వాసన వస్తుంది. పాతకాలపు మందుల సీసాలు ముదురురంగులో ఉండటానికి కారణం ఇటువంటిదే.

4 కప్పుల కొలతకు 16 నిమ్మకాయలు పడతాయి. 2 ఔన్సుల సీసాలు 15 దాకా వస్తాయి. తొక్క తీసిన కాయలు పారవేయనక్కరలేదు. రసం పిండి పులిహోర కలపవచ్చు, ముక్కలు ఉప్పులో వేయవచ్చు. మన వంటల్లో ఈ సారానికి ఒక గొప్ప సౌకర్యం ఉన్నది. రసం వేస్తే పాలు విరుగుతాయి. సారంలో పులుపు లేదు గనుక విరగవు. పాలకోవాలో, సేమ్యా పాయసంలో, రవ్వకేసరిలో పొయ్యి మీద నుంచి దించిన తరువాత నాలుగు చుక్కలు నారింజసారం వేసి చూడండి.

పెద్దల సందేహానికి సమాధానం

సారమని పేరు చెప్పి సారా వాడమంటున్నారా అని ఇంట్లో పెద్దవారు అడగకపోరు. అడగవలసిన మాటే. వేడికి ఆల్కహాలంతా ఎగిరిపోతుందని సాధారణంగా చెబుతూ ఉంటారు. అది పూర్తిగా నిజం కాదు. అమెరికా వ్యవసాయశాఖ వారి లెక్క ప్రకారం పిండిలో కలిపి అరగంట బేక్ చేసిన పదార్థంలో మూడో వంతు పైచిలుకు మిగులుతుంది, గంటసేపు బేక్ చేస్తే నాలుగో వంతు మిగులుతుంది. అయితే మొత్తం కేకులో పడేదే ఒకటి రెండు చెంచాలు. అది పట్టింపు లేనివారు వాడతారు, ఉన్నవారు మానుతారు. ఎవరి ఇంటి నియమం వారిది. కాని కానుకగా ఇచ్చేటప్పుడు మాత్రం సీసా మీద ఆల్కహాలు ఉన్నదని స్పష్టంగా రాయడం మన ధర్మం. పుచ్చుకునేవారి మతం, వ్రతం, ఆరోగ్యం మనకు తెలియకపోవచ్చు. పిల్లలకు అందని చోట పెట్టమని కూడా రాయాలి.

మద్యం నిషిద్ధమైన దేశాలలో ఉన్న మన సోదరులకు, నిష్ఠగల ఇళ్ళవారికి మరొక దారి ఉన్నది. అది సారం కంటే పాతది. పూర్వం ఇంగ్లండులో చక్కెర దిమ్మలుగా వచ్చేది. ఆ దిమ్మముక్కను నిమ్మతొక్క మీద రుద్దేవారు. చక్కెర పలుకులు తిత్తులను చీల్చి నూనెను పీల్చుకొనేవి. ఇప్పుడు మనం 1 కప్పు చక్కెరలో 2 నిమ్మకాయల పైపొర కోరు వేసి, వేళ్ళతో చక్కెర తడిసేదాకా నలిపి, పళ్ళెంలో ఆరబెట్టి, సీసాకెత్తితే చాలు. కొన్ని వారాలు నిలుస్తుంది. కేకులోకి, టీలోకి, పాయసంలోకి పనికివస్తుంది. కువైట్ వంటి చోట కూడా నిస్సంకోచంగా పక్కింటికి పంపగల కానుక ఇది.

కానుక అన్నది మనకు కొత్తదా?

నిమ్మను కానుకగా ఇవ్వడంలో మనకంటే ముందున్నవారు ఎవరు? కొత్త సంవత్సరం నాడు పెద్దవారి దర్శనానికి వెళ్ళేటప్పుడు చేతిలో నిమ్మపండు పెట్టి నమస్కరించడం మన ప్రాంతంలో ఎన్నో తరాలుగా ఉన్న మర్యాద. అధికారుల ఇళ్ళకు, గురువుల ఇళ్ళకు ఖాళీ చేతులతో వెళ్ళరాదు. ఖరీదైనది ఇస్తే లంచమవుతుంది. నిమ్మపండు అయితే ఇచ్చేవాడికి భారం కాదు, పుచ్చుకునేవాడికి దోషం కాదు. పుచ్చుకున్నవారు ఒకసారి వాసన చూసి పక్కన పెట్టేవారు. అంటే ఇచ్చినదీ పుచ్చుకున్నదీ ఆ తొక్కలోని పరిమళమే! అమెరికావారి చిన్న సీసాకూ మన నిమ్మపండుకూ భావంలో తేడా లేదు.

మనవారు తొక్కను వ్యర్థం చేసినవారూ కారు. నిమ్మకాయ, దబ్బకాయ ఊరగాయల్లో తొక్కే ప్రధానం. ఉప్పులో ఊరి, ఎండలో ఎండి, చేదు తగ్గి, వాసన నిలిచి ఉంటుంది. దబ్బాకు నలిపి మజ్జిగలో వేస్తాం. కమలాతొక్కలు ఎండబెట్టి సున్నిపిండిలో కలుపుతాం. వాసన నిలవ చేయడానికి యూరపువారికి ఆల్కహాలు దొరికింది, మనకు ఉప్పు, నూనె, ఎండ దొరికాయి. ఎవరి వాతావరణం వారికి దారి చూపింది.

కాని ఒక్క విషయంలో మనం వారి నుంచి నేర్చుకోవలసినది ఉన్నదని మాకు తోస్తున్నది. ఆ సీసా మీది చీటీలో పేరు, తేదీ, కొలత ఉంటాయి. మన ఊరగాయల కొలత అమ్మల చేతుల్లో ఉన్నది. చారెడు, దోసెడు, కంటికి సరిపడా. అమ్మ పక్కన కూర్చొని నేర్చినంతకాలం అది చాలింది. ఇప్పుడు అమ్మ గుంటూరులో, కూతురు హ్యూస్టనులో, మనుమరాలు మరెక్కడో కాలేజీ గదిలో. కొలత రాయకపోతే ఆ విద్య ఒక తరంలో తెగిపోతుంది. పాటకు, ఆటకు, నాటకానికి మన సంఘాలు తరగతులు పెట్టాయి. వంటింటి విద్యకు కూడా అటువంటి శ్రద్ధ కావాలి.

ఆరు నెలల వీసా మీద వచ్చిన అమ్మమ్మలకు, నాయనమ్మలకు చలికాలంలో బయటికి పోవడానికి ఉండదు, మనుమలతో పంచుకునే భాష తక్కువ. తొక్క తీయడానికి, జాడీ కదపడానికి, వాసన చూడడానికి భాష అంతగా అక్కరలేదు. ఆ పని చేస్తూండగా రెండు వైపుల నుంచీ కొంత భాష దానంతట అదే వస్తుంది. పిల్ల కేకు చేస్తుంది, అమ్మమ్మ దబ్బకాయ కోస్తుంది. కొలతలు ఒకే పుస్తకంలో ఎక్కుతాయి.

కనుక మా మనవి ఇది. దీపావళి నాటికి జాడీలో నానబెట్టండి. క్రిస్మసుకు కొన్ని సీసాలు ఇరుగుపొరుగుకు ఇవ్వండి, సంక్రాంతికి కొన్ని మనవారికి ఇవ్వండి. చీటీ మీద ఇంగ్లీషులో ఏం రాసినా, దాని పైన తెలుగు లిపిలో నారింజ అనో, నిమ్మ అనో పిల్లలచేత రాయించండి. పక్కింటివారు ఆ వంకర అక్షరాలు ఏమిటని తప్పక అడుగుతారు. వారు రోజూ పలికే ఆరెంజి అన్న మాటే అది, కొంచెం పాత రూపంలో ఉన్నదని మన పిల్లలు చెప్పగలిగితే, ఆ చిన్న సీసా చేయవలసిన పని చేసినట్లే.